అమ్మ వద్దన్న గొట్టం: పిల్లలం ఎవరి మాట వినాలి?

తెనాలి_అమ్మాయి

అందరికీ నమస్కారం. ఇక్కడ చదవడమే ఎక్కువ, రాయడం తక్కువ. ఇంట్లో ఎంతకీ తేలని విషయం ఒకటి మీ ముందు పెడుతున్నాను.

మా అమ్మకు డెబ్బై దాటాయి. స్కూలు టీచరుగా రిటైరైంది. సీఓపీడీ ఉంది, ఊపిరితిత్తులు పాడై ఆయాసం వచ్చే జబ్బు. అది సిగరెట్లు తాగేవాళ్ళకే వస్తుందనుకున్నాం. కట్టెల పొయ్యి పొగ ఏళ్ళ తరబడి పీల్చినా వస్తుందని డాక్టరు చెప్పాక తెలిసింది. పోయిన చలికాలంలో ఆయాసం ముదిరి ఐసీయూలో చేర్చాం. గొంతులోకి గొట్టం వేసి వెంటిలేటర్ మీద పెట్టారు. దేవుడి దయ వల్ల బయటపడింది.

ఇంటికొచ్చినప్పటి నుంచి ఒకటే మాట. "మళ్ళీ అలా వస్తే ఆ గొట్టం మాత్రం వేయించొద్దే. మాట రాదు, చేతులు మంచానికి కట్టేస్తారు, పగలో రాత్రో తెలియదు. పోతే మన ఇంట్లోనే పోతాను." నీరసంలో అన్న మాట కాదిది. పెన్షన్ పాసుబుక్కు, బంగారం లెక్కా అన్నీ నాకు అప్పజెప్పి మరీ చెప్పింది.

అన్నయ్య బెంగళూరులో ఉంటాడు, ససేమిరా ఒప్పుకోడు. "ఊపిరాడక కొట్టుకుంటుంటే చేతులు కట్టుకుని కూర్చుంటామా? అమ్మను చేతులారా చంపుకున్నారని బంధువులంటే ఏం చెబుతాం?" అంటాడు. ఇలాంటి అటాక్ మళ్ళీ రావచ్చు, ఏం చేయాలో ముందే అనుకోండి అని డాక్టరు అన్నారు.

అమ్మ మాట వింటే చంపినట్టా? వినకపోతే ఆమెకు అన్యాయం చేసినట్టు కాదా? చట్టం ఏమంటుంది? తెలిసినవాళ్ళు సూటిగా చెప్పండి, తిట్టినా పర్లేదు.

కాకినాడ_శర్మ

అమ్మాయీ, వయసులో పెద్దవాణ్ణి కాబట్టి చొరవ తీసుకుని చెబుతున్నాను. ప్రాణం పోయలేని మనకు దాన్ని తీసే హక్కు లేదు. జబ్బుతో ఉన్నవాళ్ళు "నన్ను పోనీయండి" అనడం మన ఇళ్ళల్లో కొత్తేమీ కాదు. తుంటి ఎముక విరిగి మంచాన పడ్డప్పుడు మా నాన్నగారూ పొద్దున లేస్తే అదే మాట. ఆపరేషన్ చేయించాం. ఆ తర్వాత మునిమనవరాలి అన్నప్రాసన చూశారు, ఆ పిల్ల చేత ఓనమాలు దిద్దించారు. ఆ రోజు ఆయన మాట పట్టుకుని వదిలేసి ఉంటే ఇవన్నీ ఉండేవా?

ఇంకో సంగతి. మీ ఇల్లు అలాంటిది కాదనే నమ్ముతాను. కానీ ఆస్తి పంపకాలు తెగని ఇళ్ళు ఉన్నాయి. ముసలివాళ్ళు ఎప్పుడు పోతారా అని చూసే ఇళ్ళూ ఉన్నాయి. అలాంటి చోట ఈ "ఆపేసే హక్కు" ఏం చేస్తుందో ఆలోచించండి.

బెజవాడ_కుర్రోడు

శర్మగారి మాటే నాదీ. అక్కా, మీ అన్నయ్య చెప్పినట్టే చేయండి. రేపు ఆ గిల్ట్ మోయలేరు.

విశాఖ_ఐసీయూ

నేను క్రిటికల్ కేర్‌లో పనిచేసే డాక్టర్ని. అమ్మగారిని చూడకుండా ఇది చేయండి, అది మానండి అని చెప్పను. అది మీ పల్మనాలజిస్టుతోనే మాట్లాడుకోవాలి. కాకపోతే ఇక్కడ కొన్ని విషయాలు కలిసిపోతున్నాయి, వాటిని విడదీస్తాను.

సీఓపీడీలో వచ్చే అటాక్, క్యాన్సర్ చివరి దశ ఒకటి కావు. వెంటిలేటర్ మీదికి వెళ్ళి తిరిగి ఇంటికి నడిచి వెళ్ళినవాళ్ళు చాలామంది ఉన్నారు, అమ్మగారే ఉదాహరణ. అందుకని "మళ్ళీ వస్తే ఇక అంతే" అని ఇప్పుడే అనుకోవద్దు. అలాగని గొట్టం వేయాలి, లేదంటే వదిలేయాలి అనే రెండే దారులూ లేవు. ముఖానికి గట్టిగా పట్టే మాస్కుతో గాలి నెట్టే బైపాప్ ఉంది. సీఓపీడీ అటాక్‌లో చాలామందికి గొట్టం అవసరం లేకుండా గట్టెక్కించేది అదే. మనిషి మెలకువగా ఉంటారు, నాలుగు మాటలు మాట్లాడతారు, మధ్యలో మాస్కు తీసి మంచినీళ్ళు ఇవ్వచ్చు. అమ్మగారికి ఈ సంగతి ఎవరైనా చెప్పారా?

ఇంకో దారి కూడా ఉంది. గొట్టం వేసేముందే ఇంటివాళ్ళతో కూర్చుని, ఇన్ని రోజులు చూద్దాం, ఫలానా మార్పు కనిపిస్తే కొనసాగిద్దాం, కనిపించకపోతే ఇంకా ఇంకా పెంచుకుంటూ పోవద్దు అని మాట్లాడుకోవడం. ఈ మాట ముందు జరగని కేసుల్లోనే మేం ఎక్కువ నలిగిపోతాం. వెంటిలేటర్ తర్వాత గొంతుకు రంధ్రం, ఆ తర్వాత డయాలిసిస్, బీపీ నిలబెట్టే మందులు, అలా ఒకదాని మీద ఒకటి వచ్చి పడతాయి. ఎక్కడ ఆగాలో ఎవరూ అడగరు, ఎవరూ చెప్పరు.

శర్మగారూ, మీ నాన్నగారి విషయం సంతోషం. ఒక్కటి అడుగుతాను. ఆపరేషన్‌కి ఆయన ఒప్పుకున్నారా, వద్దంటుండగానే తీసుకెళ్ళారా?

కాకినాడ_శర్మ

ఒప్పుకున్నారు డాక్టరుగారూ. మొదట వద్దన్నారు. మా చెల్లెలు, నేనూ పక్కన కూర్చుని నచ్చజెప్పాం. మళ్ళీ నడవగలనా అని సర్జన్ని ఆయనే అడిగారు. కర్ర పట్టుకుని నడుస్తారని సర్జన్ చెప్పాక సరేనన్నారు.

విశాఖ_ఐసీయూ

నేను చెప్పదలిచింది అదే. ఆయన్ని అడిగారు, నిజం చెప్పారు, నచ్చజెప్పారు, ఆయనే నిర్ణయించుకున్నారు. తెనాలి అమ్మగారికీ దక్కాల్సింది ఇదే.

కరీంనగర్_యువ

నాకొక డౌట్. బ్రెయిన్ డెడ్ అయితే డాక్టర్లే ఆపేస్తారు కదా? అవయవదానం కూడా చేస్తారు. మరి దీనికింత చర్చ ఎందుకు?

విశాఖ_ఐసీయూ

తమ్ముడూ, అది వేరు, ఇది వేరు. బ్రెయిన్ డెత్ అంటే చట్టం దృష్టిలో మరణమే. 1994 అవయవ మార్పిడి చట్టం ప్రకారం నలుగురు డాక్టర్ల బోర్డు, కనీసం ఆరు గంటల తేడాతో రెండుసార్లు పరీక్షలు చేసి ధ్రువీకరించాలి. ప్రభుత్వ అవయవదాన పథకం జీవన్‌దాన్ ద్వారా జరిగే దానాలు ఆ తర్వాతే.

ఇక్కడ మాట్లాడుతున్నది బతికున్న మనిషి గురించి. అరుణా షాన్‌బాగ్ పేరు వినే ఉంటావు. ముంబై కేఈఎం ఆసుపత్రిలో నర్సు. 1973 నవంబరులో అదే ఆసుపత్రిలో ఆమెపై దాడి జరిగింది. మెదడు దెబ్బతింది కానీ ఆమె బ్రెయిన్ డెడ్ కాదు, వెంటిలేటర్ మీదా లేదు. తోటి నర్సులు మెత్తగా చేసిన అన్నం తినిపిస్తూ నలభై ఏళ్ళకు పైగా సాకారు. ఆమెకు ఆహారం ఆపి పోనివ్వండి అని ఒక రచయిత్రి వేసిన పిటిషన్‌ను 2011 మార్చి 7న సుప్రీంకోర్టు కొట్టేసింది. కొట్టేస్తూనే, తగిన జాగ్రత్తలతో, హైకోర్టు అనుమతితో ప్రాణాధార చికిత్స ఆపే దారి మన దేశంలో మొదటిసారి తెరిచింది. ఆమె 2015 మేలో న్యుమోనియాతో పోయింది. ఆ నర్సులు చేసిన సేవను తలుచుకుంటే నాకు ఇప్పటికీ దండం పెట్టాలనిపిస్తుంది.

పాలమూరు_సిస్టర్

ఐసీయూలో స్టాఫ్ నర్సుగా చేస్తున్నాను. తెనాలి అక్కా, చేతులు కట్టేయడం గురించి అమ్మగారు అన్నది నిజం. మత్తు తగ్గినప్పుడు పేషెంట్ గొట్టం లాగేసుకుంటే ప్రాణం మీదికి వస్తుంది, అందుకని గాజుగుడ్డతో మణికట్లు రెయిలింగ్‌కు కడతాం. ప్రతి పేషెంట్‌నూ కట్టాల్సిన పని లేదు. పక్కన మనిషి ఉంటే, మత్తు సరిగ్గా చూసుకుంటే చాలామందికి అక్కర్లేదు. కానీ ఒక్క నర్సుకు మూడు నాలుగు బెడ్లు ఇస్తే ఏం చేస్తాం?

నేను చెప్పదలిచింది ఇంకొకటి. "ఆపడం" అనేది మన దగ్గర ఏదో కొత్తగా రాబోతోంది అన్నట్టు మాట్లాడుకుంటున్నాం. అది రోజూ జరుగుతూనే ఉంది. ఎలా జరుగుతుందో చెబుతాను.

ఇక లాభం లేదని తేలాక డాక్టరు బయటికొచ్చి "ఇంటికి తీసుకెళ్తారా?" అంటారు. ఇంటివాళ్ళకు అర్థమైపోతుంది. వైద్య సలహాకు విరుద్ధంగా తీసుకెళ్తున్నాం అని లామా కాగితం మీద సంతకం పెట్టించుకుంటారు. హైదరాబాద్ నుంచి మా వైపు ఊళ్ళకు అంబులెన్స్ బయలుదేరుతుంది. వెంటిలేటర్ ఉండదు. గొట్టానికి ఆంబూ బ్యాగ్, అంటే గాలి నెట్టే రబ్బరు సంచి తగిలించి, చేత్తో నొక్కుతూ కూర్చుంటారు. షాద్‌నగర్ దాటేసరికి నొక్కే కుర్రాడి చేతులు పడిపోతాయి, అప్పుడు కొడుకో అల్లుడో అందుకుంటాడు. ఇల్లు చేరేదాకా ప్రాణం ఉండాలి, అదొక్కటే ఆరాటం. వాకిట్లో దించి, చుట్టాలు వచ్చి తులసితీర్థం పోశాక గొట్టం తీసేస్తారు. ఎవరు? అంబులెన్స్ కుర్రాడు. మత్తు ఉండదు, ఆయాసం తగ్గించే మార్ఫిన్ ఉండదు, గొంతులో కఫం తీసే మిషన్ ఉండదు. కొందరు వెంటనే పోతారు. కొందరు గంటల కొద్దీ ఎగశ్వాస తీస్తారు. పిల్లలు, ఆడవాళ్ళు అందరూ చూస్తూ ఉంటారు.

ఇదే పని ఆసుపత్రిలో పద్ధతిగా చేస్తే ఎలా ఉంటుందో కూడా చూశాను. ముందు ఆయాసం తెలియకుండా మందు ఇస్తారు, కఫం తీస్తారు, అలారాలు ఆపేస్తారు, ఇంటివాళ్ళను లోపలికి పిలిచి కూర్చోబెడతారు, అప్పుడు నెమ్మదిగా తీస్తారు. ఆ తర్వాత కూడా మేం పక్కనే ఉంటాం. శర్మగారూ, మీ మీద గౌరవంతోనే అడుగుతున్నా. రెండో పద్ధతి చంపడం అయితే, రోజూ జరిగే మొదటిదాన్ని ఏమనాలి? అది పాపమని ఎవరూ ఎందుకు అనరు?

కడప_రైతుబిడ్డ

సిస్టర్ రాసింది చదివాక కాసేపు ఫోన్ పక్కన పెట్టేశా. మా నాయనను అలాగే తెచ్చినాం.

డబ్బు గురించి ఎవరూ మాట్లాడట్లేదు కాబట్టి నేను మాట్లాడతా. ఆరోగ్యశ్రీ ఉంది, కానీ మేం పోయిన ప్రైవేటు ఆసుపత్రిలో ఆ జబ్బుకు వర్తించదన్నారు. రోజూ పొద్దున్నే కౌంటర్ దగ్గర డిపాజిట్. "హోప్ ఉందా సార్" అంటే "ట్రై చేస్తున్నాం" అంటారు. ఆ మాటకు ఎంత పొలమైనా అమ్ముతాం. అమ్మినాం కూడా. లాభం లేదని వాళ్ళకు ముందే తెలుసా అన్న ప్రశ్న నన్ను ఇప్పటికీ వదలదు.

నాయనకు తెలివి ఉన్నప్పుడు అడిగి ఉంటే భూమి అమ్మనిచ్చేవాడు కాదు. ఆ భూమి ఆయన రెక్కల కష్టం. మేము ఆయన్ను అడగలేదు, ఆసుపత్రీ అడగలేదు. డబ్బు లేక ఆపాల్సి వస్తే అది కొడుకుల పాపమా, గవర్నమెంటు పాపమా? ఇది కూడా నీతి ప్రశ్నే కదా?

వకీలు_హనుమకొండ

కడప తమ్ముడి ప్రశ్నకు చట్టంలో జవాబు లేదు. కాకపోతే ఒకటి తెలుసుకోండి. బిల్లు బాకీ ఉందని పేషెంట్‌ను గానీ మృతదేహాన్ని గానీ పట్టి ఉంచకూడదని జాతీయ మానవ హక్కుల కమిషన్ తయారుచేసిన రోగుల హక్కుల పత్రంలో స్పష్టంగా ఉంది.

ఇక తెనాలి చెల్లెమ్మ అడిగిన దానికి వస్తాను. కాస్త పెద్దదే, ఓపిగ్గా చదవండి.

ఇంజెక్షన్ ఇచ్చి ప్రాణం తీయడం మన దేశంలో నేరం. ఎవరు అడిగినా, ఎంత బాధలో ఉన్నా సరే. దాని జోలికి ఎవరూ పోవట్లేదు. చికిత్స వద్దనడం వేరు. 2018 మార్చి 9న సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జిల ధర్మాసనం కామన్ కాజ్ కేసులో, గౌరవంగా మరణించే హక్కు రాజ్యాంగం 21వ అధికరణంలో భాగమేనని చెప్పింది. తెలివిలో ఉన్న పెద్ద మనిషి ఏ చికిత్సనైనా, ప్రాణం నిలిపేదైనా సరే, వద్దనవచ్చు. అంటే అటాక్ వచ్చినప్పుడు మీ అమ్మగారు స్పృహలో ఉండి, పరిణామాలు తెలిసి, "గొట్టం వద్దు, మాస్కు చాలు" అంటే ఆ మాటే చెల్లుతుంది. మీ అన్నయ్య సంతకం దాన్ని మార్చలేదు.

స్పృహ లేకపోతేనే సమస్య. దానికోసమే లివింగ్ విల్, అంటే ఏ చికిత్స వద్దో తెలివిలో ఉండగానే రాసి పెట్టే కాగితం. 2018లో పెట్టిన పద్ధతి ఎంత కష్టమంటే దాన్ని వాడుకోగలిగినవాళ్ళు దాదాపు లేరు. విల్లు మీద ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్ సంతకం కావాలి, కలెక్టర్ రెండో బోర్డు వేయాలి, బోర్డుల్లో ఇరవై ఏళ్ళ అనుభవం ఉన్న డాక్టర్లుండాలి, మేజిస్ట్రేట్ స్వయంగా వచ్చి పేషెంట్‌ను చూడాలి. ఐసీయూ డాక్టర్లే మళ్ళీ కోర్టుకెళ్ళి ఇది నడవదని చెప్పుకున్నారు. 2023 జనవరిలో జస్టిస్ కె.ఎం. జోసెఫ్ నేతృత్వంలోని ధర్మాసనం దాన్ని సులువు చేసింది.

ఇప్పుడైతే ఇద్దరు సాక్షుల ముందు సంతకం పెట్టి, నోటరీ దగ్గరో గెజిటెడ్ ఆఫీసర్ దగ్గరో ధ్రువీకరణ చేయిస్తే చాలు. తాను చెప్పలేని స్థితిలో ఎవరు మాట్లాడాలో పేర్లు రాయాలి, ఒకరికంటే ఎక్కువమందిని రాయొచ్చు. కాపీలు వాళ్ళకు, ఫ్యామిలీ డాక్టరుంటే ఆయనకు, ఇంకొకటి మున్సిపాలిటీ లేదా పంచాయతీలో బాధ్యుడైన అధికారికి ఇవ్వాలి.

ఆ కాగితం ఉంది కదా అని ఆసుపత్రి వెంటనే స్విచ్ ఆపేయదు. జబ్బు కోలుకునే ఆశ లేని దశకు చేరాలి. చికిత్స చేస్తున్న డాక్టరు, అయిదేళ్ళ అనుభవం ఉన్న మరో ఇద్దరు నిపుణులు కలిసి మొదటి బోర్డు. జిల్లా వైద్యాధికారి నామినేట్ చేసిన డాక్టరు, ఇంకో ఇద్దరు నిపుణులు రెండో బోర్డు. మొదటి బోర్డులో ఉన్నవాళ్ళు రెండోదాంట్లో ఉండకూడదు. ఒక్కో బోర్డు వీలైనంత వరకు 48 గంటల్లో చెప్పాలి. ఆపేముందు మేజిస్ట్రేట్‌కు తెలియజేయాలి. బోర్డు కాదంటే హైకోర్టుకు వెళ్ళొచ్చు. శర్మగారు చెప్పిన ఆస్తి భయం కోర్టుకూ ఉంది, ఇన్ని మెట్లు పెట్టింది అందుకే. లామా కాగితానికైతే ఒక్క కొడుకు సంతకం చాలు, ఏ బోర్డూ చూడదు. ముసలివాళ్ళకు అసలు ప్రమాదం ఎక్కడుందో మీరే ఆలోచించండి.

విల్లు లేకపోయినా దగ్గరి బంధువుల అంగీకారంతో ఇదే పద్ధతి నడుస్తుంది.

బెజవాడ_కుర్రోడు

లాయర్‌గారూ, ఈ బోర్డులు మన ఊళ్ళల్లో నిజంగా ఉన్నాయా?

వకీలు_హనుమకొండ

కాగితం మీద ఉన్నంత వేగంగా లేవు. కర్ణాటక 2025 జనవరి చివర్లో దీన్ని అమలు చేస్తూ ఉత్తర్వు ఇచ్చింది. 2024లో కేంద్ర ఆరోగ్యశాఖ ముసాయిదా మార్గదర్శకాలు తెస్తే, ఇది డాక్టర్ల మీద ఒత్తిడి పెంచుతుందని డాక్టర్ల సంఘం ఐఎంఏ అభ్యంతరం చెప్పింది. మన రెండు రాష్ట్రాల్లో అయితే మీరే ముందుగా ఆసుపత్రిని అడిగి, జిల్లా వైద్యాధికారి నామినేషన్ ఎలా తెప్పిస్తారో కనుక్కోవాలి. వెంటపడాల్సిందే.

చక్రాల_కుర్చీ

ఇన్ని పోస్టులు చదివాను, నాలాంటివాళ్ళ మాట ఒక్కటీ లేదు. అందుకే రాస్తున్నా.

నాకు కండరాలు క్షీణించే జబ్బు. రాత్రంతా బైపాప్ మీదే పడుకుంటాను. ఏదో ఒక రోజు గొంతుకు రంధ్రం చేసి పగలూ రాత్రీ మిషన్ పెట్టాలంటారు. నేను పెట్టించుకుంటాను. ట్యూషన్లు చెబుతున్నాను, క్రికెట్ చూస్తాను, మా అక్క కూతురితో పోట్లాడతాను. ఇంటికొచ్చినవాళ్ళు నా ముందే "ఇలాంటి బతుకు పగవాడికి కూడా వద్దు" అంటారు. వినీ వినీ ఉన్నాను. "మిషన్ మీద బతకడం బతుకు కాదు" అని ఈ చర్చలో ఎవరైనా అంటే, అది నా గురించే అంటున్నారని గుర్తుంచుకోండి.

2004లో హైదరాబాద్‌లో నాలాంటి జబ్బే ఉన్న ఒక చదరంగం ఆటగాడు ఉండేవాడు. పాతికేళ్ళవాడు. తను పోకముందే అవయవాలు తీసి వేరేవాళ్ళకు ఇవ్వమన్నాడు. వాళ్ళమ్మ హైకోర్టుకు వెళ్ళింది. బ్రెయిన్ డెత్ కాకుండా తీయడానికి చట్టం ఒప్పుకోదని కోర్టు కాదంది. ఆ అబ్బాయి పెద్ద మనసుకు దండం. కానీ కోర్టు సరిగ్గానే చెప్పిందని నేననుకుంటాను. బతికున్న మనిషి అవయవాలు అతని ఇష్టంతోనే అయినా తీసి ప్రాణం పోగొట్టడం మొదలైతే, ఇష్టం ఎలా పుట్టించాలో లోకానికి బాగా తెలుసు. "నువ్వు పోతే నలుగురు బతుకుతారు" అని రోజూ వింటే నేనెంతకాలం తట్టుకుంటాను?

తెనాలి అక్కా, అమ్మగారిని ఒక్క మాట అడగండి. ఆమెకు వద్దనిపిస్తున్నది వెంటిలేటరా, ఆ ఐసీయూలో జరిగిన తీరా? చేతులు కట్టకుండా, రాయడానికి పలక ఇచ్చి, మీలో ఒకరు పక్కన ఉండి ఉంటే ఆమె ఇదే మాట అనేవారా? అనొచ్చు, అనకపోవచ్చు. అడగకుండా విల్లు రాయించకండి.

పాలమూరు_సిస్టర్

తమ్ముడూ, ఈ ప్రశ్న మా యూనిట్ గోడ మీద రాసి పెట్టాలి.

డల్లాస్_కృష్ణ

నేను ఇక్కడ ఆసుపత్రిలో రెస్పిరేటరీ థెరపిస్టుగా చేస్తాను. 1990లో వచ్చిన చట్టం వల్ల అమెరికాలో ఆసుపత్రిలో చేరే ప్రతి పెద్దవాళ్ళనూ "ముందస్తు విల్లు ఏమైనా రాశారా" అని అడగాలి. మోకాలి ఆపరేషన్‌కి వచ్చినా అడుగుతాం. ఎవరూ కంగారుపడరు. మన దగ్గర ఆ మాట ఎత్తితేనే అపశకునం.

గొట్టం తీస్తే చంపినట్టే అనేవాళ్ళు కరెన్ క్విన్లన్ కేసు తెలుసుకోవాలి. 1975లో న్యూజెర్సీలో ఇరవై ఒక్కేళ్ళ అమ్మాయి కోమాలోకి వెళ్ళింది. రెస్పిరేటర్ తీయమని తల్లిదండ్రులు కోర్టుకెళ్ళారు. వాళ్ళు భక్తిపరులైన క్యాథలిక్కులు, చర్చి పెద్దలతో మాట్లాడాకే వెళ్ళారు. 1976లో రాష్ట్ర సుప్రీంకోర్టు ఒప్పుకుంది. మిషన్ తీశారు. ఆ అమ్మాయి పోలేదు, సొంతంగా ఊపిరి తీసుకుంటూ 1985 దాకా ఉంది. పోవాలా ఉండాలా అన్నది ఆమె శరీరమే తేల్చుకుంది.

ఇక్కడున్న మనవాళ్ళ గురించి ఒక మాట. ఫోన్లో "ఖర్చు ఎంతైనా పర్లేదు, అన్నీ చేయండి, నేనొచ్చేదాకా ఉంచండి" అనేది ఎక్కువగా మేమే. దూరంగా ఉన్న బాధ అలా మాట్లాడిస్తుంది. దాని భారం మోసేది మాత్రం అక్కడ మంచం పక్కన కూర్చున్న చెల్లెలు, ఐసీయూలో ఉన్న తల్లి. బెంగళూరు అన్నయ్యను ఒక వారం సెలవు పెట్టి వచ్చి అమ్మ దగ్గర కూర్చోమనండి. ఫోన్లో తేలేది కాదిది.

మల్లన్న_వాలంటీరు

ఆయాసంతో పోవడం అంటే తప్పకుండా గిలగిలలాడుతూ పోవడమే అని అన్నయ్యగారు అనుకుంటున్నారు. మనలో చాలామంది అలాగే అనుకుంటారు. నేను పాలియేటివ్ కేర్, అంటే నయం కాని జబ్బుల్లో బాధ తగ్గించే వైద్యం చేసే టీమ్‌తో ఇళ్ళకు వెళ్తుంటాను. కొద్ది మోతాదు మార్ఫిన్ ఆయాసాన్ని ఎంత తగ్గిస్తుందో కళ్ళారా చూశాను. దిండ్లు పేర్చి ఏటవాలుగా కూర్చోబెట్టడం, ముఖం మీదికి ఫ్యాన్ గాలి తగిలేలా పెట్టడం, గదిలో జనాన్ని తగ్గించడం లాంటి చిన్న పనులు కూడా పనిచేస్తాయి.

మార్ఫిన్ అంటే మన డాక్టర్లలోనే చాలామందికి జంకు. 1985 మత్తుమందుల చట్టం వచ్చాక ఆసుపత్రులు లైసెన్సుల గొడవతో దాన్ని ఉంచుకోవడమే మానేశాయి. 2014లో చట్టం సవరించాక దారి సులువైంది, అలవాటు మాత్రం ఇంకా మారలేదు. కేరళలో 1993లో కోజికోడ్‌లో డాక్టర్ రాజగోపాల్ వాళ్ళు మొదలుపెట్టిన పని ఇవాళ పంచాయతీ స్థాయికి చేరింది. మన దగ్గర హైదరాబాద్ ఎంఎన్‌జే క్యాన్సర్ ఆసుపత్రిలో మంచి విభాగం ఉంది, తెలంగాణ జిల్లాల్లో పాలియేటివ్ కేంద్రాలు పెట్టారు. క్యాన్సర్ కాని జబ్బులకు కూడా వీళ్ళ సాయం అడగొచ్చు. గుంటూరు వైపు ఎవరున్నారో కనుక్కుని మీకు మెసేజ్ పెడతాను అక్కా.

తెనాలి_అమ్మాయి

అందరికీ పేరుపేరునా కృతజ్ఞతలు. చక్రాల కుర్చీ తమ్ముడి ప్రశ్న అమ్మకు యథాతథంగా చదివి వినిపించాను. అన్నయ్య కూడా వచ్చాడు, పక్కనే ఉన్నాడు.

అమ్మ వెంటనే జవాబు చెప్పలేదు. మజ్జిగ తాగి, కళ్ళజోడు తుడుచుకుని, టీచరు కదా, ఒక్కొక్కటిగా చెప్పింది. మాస్కు పెట్టడానికి అభ్యంతరం లేదు, అలాంటిదొకటి ఉందని తనకు ఎవరూ చెప్పనే లేదంది. చేతులు కట్టకపోయినా, మేం పక్కనున్నా గొట్టం మాత్రం వద్దంది. "మీరు పక్కనుంటే మంచిదే. కానీ మీతో మాట్లాడలేనుగా" అంది. ఆ మాటకు అన్నయ్య లేచి వరండాలోకి వెళ్ళిపోయాడు.

మేమెవరం ఊహించనిది ఇంకొకటి ఉంది. విల్లులో నాతోపాటు అన్నయ్య పేరు కూడా రాయమంది. వాడు ఒప్పుకోడు కదమ్మా అంటే, "అందుకే. నువ్వు నా మాట తొందరగా వింటావు. వాడు తొందరగా వదలడు. ఇద్దరూ ఒప్పుకున్నారంటే నిజంగా టైమైందని అర్థం" అంది.

లాయరన్నా, మేమిద్దరం ఒక మాట మీద లేకపోతే ఏమవుతుంది? విల్లు తెలుగులో రాయొచ్చా?

వకీలు_హనుమకొండ

అమ్మగారికి నా నమస్కారాలు చెప్పండి. ఇద్దరూ ఒప్పుకోకపోతే ఆచరణలో ఆసుపత్రి అక్కడే ఆగిపోతుంది, విషయం హైకోర్టు దాకా పోవచ్చు. కాబట్టి ఇద్దరి అంగీకారం కావాలా, తేడా వస్తే ఎవరి మాట ముందో ఆమె చేతే అందులో రాయించండి. "మాస్కు ఓకే, గొట్టం వద్దు, నొప్పికి, ఆయాసానికి మందు ఆపొద్దు" అని వివరంగా ఉండాలి. "అనవసర చికిత్స వద్దు" అని ఒక్క ముక్క రాస్తే ఏది అనవసరమో అప్పుడు ఎవరూ తేల్చలేరు.

నిర్ణీత ఫారం అంటూ లేదు, తెలుగులో నిక్షేపంగా రాయొచ్చు. ఐసీయూ డాక్టరు వేరే రాష్ట్రంవారు కావచ్చు కాబట్టి ఇంగ్లీషు కాపీ కూడా జత చేయండి. మనసు మారితే తెలివిలో ఉన్నంతకాలం ఎప్పుడైనా రాతపూర్వకంగా మార్చుకోవచ్చు, రద్దు చేసుకోవచ్చు. మున్సిపల్ ఆఫీసులో కాపీ ఇచ్చినప్పుడు ఇదేంటని అడుగుతారు. సుప్రీంకోర్టు ఉత్తర్వు ప్రింటు తీసుకెళ్ళి, అందినట్టు సంతకం, సీలు వేయించుకోండి.

కాకినాడ_శర్మ

అమ్మాయీ, మీ అమ్మగారు నాకంటే పెద్ద టీచరు. గొట్టం తీయడం విషయంలో నా మనసు ఇంకా పూర్తిగా ఒప్పుకోలేదు, దాచుకోను. కానీ ఆమెను అడిగిన తీరు నాకు నచ్చింది. సిస్టర్ చెప్పిన ఆ అంబులెన్స్ ప్రయాణం తప్పని కూడా ఇప్పుడు ఒప్పుకుంటున్నాను. మా వీధిలోనే అలా జరగడం చూశాను.

డాక్టరుగారినీ లాయరుగారినీ ఒకటి అడగాలి. నాలాంటివాడు "నాకు అన్నీ చేయండి, చివరిదాకా ప్రయత్నించండి" అని రాసి పెట్టుకోవచ్చా? రేపు నా పిల్లలు ముసలాయనకు ఎందుకులే అనుకోకుండా?

వకీలు_హనుమకొండ

రాసుకోవచ్చు శర్మగారూ. లివింగ్ విల్ తీర్పు ప్రధానంగా చికిత్స వద్దనడం గురించే. ఫలితం లేని చికిత్స చేసి తీరాలని డాక్టర్లను బలవంతపెట్టడానికి మీ కాగితం పనికిరాదు. కానీ మీ ఇష్టం ఏమిటో చెప్పే సాక్ష్యంగా పనికొస్తుంది.

విశాఖ_ఐసీయూ

తప్పకుండా రాయండి. మాకు ఆ కాగితమూ కావాలి. వద్దన్నవాళ్ళ కాగితం ఎంత ముఖ్యమో, కావాలన్నవాళ్ళదీ అంతే ముఖ్యం. ఒకటి చేర్చండి: మిమ్మల్ని మీరు గుర్తుపట్టలేని స్థితి వస్తే, బోర్డు ఇక ఆశ లేదంటే, అప్పుడు కూడా ఇదే మాటా, కాదా అని. దాని గురించి ఒకసారి పిల్లలతో కూర్చుని మాట్లాడి రాయండి. ఒరిజినల్ బీరువాలో పెట్టినా ఫోటో తీసి మీ అబ్బాయి ఫోన్లో, కోడలి ఫోన్లో ఉంచండి. ఎమర్జెన్సీకి అర్ధరాత్రి వస్తారు, ఆ టెన్షన్‌లో బీరువా తాళాలు ఎవరికీ దొరకవు.